ధన్యవాదాల నియంత్రణ విభాగం

మనిషి పుట్టుకతోనే కృతఘ్నుడు. కనుక అతని నోటి నుంచి వెలువడే ప్రతి కృతజ్ఞతనూ ముందుగా పరిశీలించి, కొలిచి, ముద్ర వేసి వదలాలని వెండి కొంగ చలనచిత్ర, టెలివిజన్ పురస్కారాల కమిటీ పదకొండేళ్ళ కిందటే తీర్మానించింది. అందుకోసం సియోల్‌లో ఒక భవనం ఆరో అంతస్తులో ధన్యవాదాల నియంత్రణ విభాగం వెలిసింది. అందులో తొమ్మిది మంది పనిచేస్తారు. వాళ్ళకు ఇంతవరకు వేదిక మీద ఎవరూ ధన్యవాదాలు చెప్పలేదు. (నిబంధనల్లో వాళ్ళ పేర్లకు చోటు లేదు. నిబంధనలు రాసింది వాళ్ళే.)

నిబంధనలు కష్టమైనవేమీ కావు. పురస్కారం అందుకున్నవారికి యాభై సెకన్లు. మొదటి పది, నటుడి ఏజెన్సీ అధినేతవి. తర్వాతి పద్నాలుగు, నటుడికి జుట్టు దువ్వి మొహానికి రంగు వేసే పార్లరు వాళ్ళవి: అధినేత్రి, ఉప అధినేత్రి, ఉప అధినేత్రికి సాయపడే ఇద్దరు. మూడో స్థానం దేవుడిది. (ఆయన నుంచి అభ్యంతరం రాలేదు.) ఆ వెనక దర్శకుడు, రచయిత్రి, బట్టలు తొడిగేవాళ్ళు, కారు నడిపేవాడు, అభిమాన సంఘం. సమయం మిగిలితే తల్లిదండ్రులు. సమయం ఏనాడూ మిగలదు కాబట్టి తల్లిదండ్రులను ఏడుపుతో సరిపెట్టడం ఆనవాయితీ.

నవంబరులో మొదటి సోమవారం ఈ విభాగానికి తక్ బొంగ్‌చిల్ అనే డెబ్భై ఒక్కేళ్ళ మనిషి వచ్చాడు. టోపీ తీయలేదు. వరుసలో చీటీ తీసుకుని, గంటన్నర నిలబడి, తన వంతు వచ్చాక బల్ల మీద ఒక కాగితం పెట్టాడు.

"ఛే ఉన్‌గ్యొల్ ఈసారి అవార్డు తీసుకున్నప్పుడు మా ఇంటిదాని పేరు చెప్పాలి," అన్నాడు.

విభాగాధిపతి సొక్ మిగ్యొంగ్ కళ్ళజోడు సర్దుకుంది. "ఆవిడ ఏజెన్సీ మనిషా తాతగారూ, పార్లరు మనిషా?"

"అన్నం బండి."

"షూటింగులకి భోజనాలు తెచ్చే లారీయా?"

"అదే. ఇరవై ఆరేళ్ళు. నేను తోలాను, అది వండింది."

"వంట కాంట్రాక్టులో ఉంటుంది కదండీ. కాంట్రాక్టులో ఉన్న అన్నానికి కృతజ్ఞత వర్తించదు. పదిహేడో నిబంధన."

"కాఫీ బండికి వర్తిస్తుందిగా? పోయినేడు వాడు కాఫీ బండికి ఆరు సెకన్లు చెప్పాడు."

"అది అభిమానులు పంపింది. బండి చుట్టూ ఆయన బొమ్మలుంటాయి. మీ బండి మీద ఏముంది?"

"గిన్నెలు."

ఆమె ఆ మాట రాసుకుంది. తర్వాత అతను పెట్టిన కుటుంబ నమోదు పత్రం తిరగేసింది. "ప్యో సున్‌రే," అని పైకి చదివి ఆగింది. "చనిపోయినట్టు ఉందేంటండీ ఇక్కడ?"

"ఏప్రిల్లో."

ఆమె రెండు సెకన్లు తల దించింది. (విభాగంలో సానుభూతికి అదే పరిమితి.) ఆపైన సొరుగులోంచి ఇంకో ఫారం తీసింది. "ముందే చెప్పొచ్చు కదా తాతగారూ. పోయినవాళ్ళకి పైచూపు సౌకర్యం ఉంది."

"అంటే?"

"నటుడు మాట్లాడుతూ మధ్యలో ఆగి పైకి చూస్తారు. ఒకటిన్నర సెకను. పేరు ఉండదు. పోయినవాళ్ళందరికీ ఉమ్మడి."

"ఆ చూపు మాదానికని ఎట్లా తెలుస్తుంది?"

"పైనున్నవాళ్ళకి తెలుస్తుందని కమిటీ నమ్మకం."

"పైన లైట్లు కట్టేవాడుంటాడమ్మాయ్," అన్నాడు తక్. "నేను చూశాను."

అయినా సంతకం పెట్టాడు. ఖాళీ చేతులతో వెళ్ళడం అతనికి చేతకాదు.

అతనికి ఈ పట్టుదల దేనికో చెప్పుకోవాలి. తొమ్మిదేళ్ళ కిందట ఛే ఉన్‌గ్యొల్ నటుడు కాడు. ఒక రాజుల కాలపు ధారావాహికలో ఈటె పట్టుకుని నిలబడేవాడు. అవసరాన్ని బట్టి శవంగా పడుకునేవాడు. షూటింగుల్లో అన్నానికీ ఒక వరుస ఉంటుంది. ముందు పెద్ద నటులు, తర్వాత కెమెరా వాళ్ళు, చివర్లో ఈటెలు. ఈటెల దాకా వచ్చేసరికి పులుసులో నీళ్ళు మిగులుతాయి. తక్ భార్య ఆ కుర్రాడికి ముందే ఒక గిన్నె పక్కన పెట్టేది. ఎండుచేప పులుసు, కిమ్చీ, అడుగున దాచిన ఉడికిన గుడ్డు. ఇరవై నెలలు ఇది నడిచింది. చలికాలం ఒక తెల్లవారుజామున ఆ గిన్నెను రెండు చేతులా పట్టుకుని అతనన్నాడు: "పిన్నీ, నాకు అవార్డొచ్చిన రోజున మొదటి పేరు నీదే."

నవ్వి ఊరుకోవలసిన మాట. ఆవిడ నమ్మింది.

ఛేకి అవార్డులు వచ్చాయి. ఆరేళ్ళలో ఆరు. ఆరుసార్లూ ఆవిడ టీవీ ముందు మోకాళ్ళు మడుచుకుని, చివరి పేరు దాకా విన్నది. ఆరుసార్లూ ఒకే మాట అన్నది: "టైము చాల్లేదు పాపం."

"చాలకేం," అనేవాడు తక్. "పార్లరు వాళ్ళని నలుగుర్ని చెప్పాడుగా. ఆ రోజుల్లో వాడు నీ పులుసు తాగి బతికాడా, జుట్టు దువ్వించుకుని బతికాడా? నువ్వొక పిచ్చిదానివి."

ఏటా ఇదే. ఆవిడ టీవీ కట్టేసి గిన్నెలు కడగడానికి లేచేది. ఏప్రిల్లో, ఆస్పత్రిలో, ముక్కులో గొట్టంతో ఆవిడ అడిగింది: "ఈ ఏడైనా చెప్తాడంటారా?"

తక్ జీవితంలో మొదటిసారి మెత్తగా మాట్లాడాడు. "చెప్తాడు. నేను చూసుకుంటా."

మెత్తగా మాట్లాడితే వచ్చే చిక్కు ఇదే. చేయాల్సి వస్తుంది.

ఫారం మీద సంతకం పెట్టిన మర్నాడు అతను ఛేని వెతుక్కుంటూ షూటింగు దగ్గరికే వెళ్ళాడు. ఛే అతన్ని చూడగానే నడుం విరిగేలా వంగాడు. "బాబాయ్! ఎన్నాళ్ళయింది! పిన్ని ఎలా ఉంది?"

"చచ్చిపోయింది."

ఛే అక్కడికక్కడే ఏడ్చాడు. అతనికి ఏడుపు బాగా వస్తుంది. నాలుగో అవార్డు దానికే. మొహం మీది రంగు చెదరకుండా ఒకమ్మాయి పరుగున వచ్చి కంటి కింద కాగితం అద్దింది.

"ఏడుపు తర్వాత," అన్నాడు తక్. "అక్కడ పేరు చెప్పు."

"నా యాభై సెకన్లు నా చేతిలో లేవు బాబాయ్. ఇదిగో చూడు." ఫోనులో జాబితా చూపించాడు. ముప్ఫై ఒక్క పేర్లు. ముద్ర కూడా ఉంది.

"ఎవణ్ణో ఒకణ్ణి తీసెయ్."

"ఎవర్ని తీసినా రేపు నేను బయటికి రాలేను బాబాయ్. పార్లరు ఆవిణ్ణి ఒకసారి రెండో పేరుగా చెప్పాను. మూడు వారాలు నా పాపిడి వంకరగా తీసింది." కాసేపు ఆలోచించాడు. "సరే, ఎట్లాగో ఇరికిస్తాలే. పిన్ని పేరు..." అని ఆగాడు. మెడ గోక్కున్నాడు. "పిన్ని పేరేంటి బాబాయ్?"

తక్ అతని మొహంలోకి చూశాడు. "ఇరవై నెలలు తిన్నావురా. పేరు తెలీదా?"

"అందరం పిన్నీ అనేవాళ్ళం కదా..."

"తిండి గుర్తుంది, పెట్టిన చెయ్యి గుర్తులేదు. కుక్క నయం." నమోదు పత్రం నకలు అతని చేతుల్లోకి విసిరాడు. "చదువు రాకపోతే ఎవరిచేతైనా చదివించుకో."

ఛేకి సిగ్గేసింది. సిగ్గేసిన నటుడు చేయగలిగిన పని ఒక్కటే: తన మేనేజరుకు చెప్పి తక్‌కు వేడుకలో ఒక కుర్చీ ఇప్పించాడు. అలిగి రానని చెప్పిన ఎవరో నటుడి కుర్చీ అది.

ఇక్కడ వెండి కొంగ వారి మరొక గొప్పతనం చెప్పాలి. రానివాడికి పురస్కారం లేదు. వచ్చినవాణ్ణి ఉత్త చేతులతో పంపే అలవాటూ లేదు. అందుకని శ్రేష్ఠ నటుడు, అతిశ్రేష్ఠ నటుడు, మహా నటుడు. మళ్ళీ సోమ, మంగళవారాల్లో వచ్చే ధారావాహికల్లో శ్రేష్ఠుడు, బుధ, గురువారాల్లో శ్రేష్ఠుడు, వారాంతంలో మాత్రమే శ్రేష్ఠుడు. అప్పటికీ ఎవరైనా మిగిలితే 'ఉమ్మడి' అనే మాట ఉంది. వేడుక సాయంత్రం హాల్లో నూట నలభై నాలుగు కుర్చీలు, నూట నలభై నాలుగు పురస్కారాలు. తలలు లెక్కపెట్టారు. సరిపోయాయి. ఏ తల ఎవరిదన్నది లెక్కపెట్టేవాళ్ళ పని కాదు.

ఛే వంతు నూట పదకొండోది. మైకు ముందు నిలబడి వంగాడు. ఏజెన్సీ అధినేత, పార్లరు, దేవుడు, దర్శకుడు. గడియారం నలభై ఏడు చూపిస్తుండగా "ఇంకా..." అన్నాడు. తక్ కుర్చీ అంచుకు జరిగాడు. ఛే పైకి చూశాడు. ఒకటిన్నర సెకను, కొలిచినట్టు. సంగీతం మొదలైంది. జనం కళ్ళు తుడుచుకున్నారు. ఆ చూపులో ఎవరికి వాళ్ళు తమ పోయినవాళ్ళను చూసుకున్నారు కాబట్టి అది చాలా విజయవంతమైన చూపు.

తక్ తన బూటు మొనల వంక చూస్తూ కూర్చున్నాడు. ఛే మీద ఒక తిట్టు, ఆరో అంతస్తు మీద ఒక తిట్టు తయారు చేసుకుంటున్నాడు. అప్పుడు సొక్ మిగ్యొంగ్ వంగి నడుస్తూ అతని దగ్గరికి వచ్చింది.

"తాతగారూ, మీరేంటి ఈ కుర్చీలో?"

"ఇచ్చారు, కూర్చున్నా."

"ఇది సోమ, మంగళవారాల శ్రేష్ఠ నటుడి కుర్చీ! ఇప్పుడు పిలుస్తారు."

"పిలవనీ. వాడు రాలేదు."

"రాలేదంటే అవార్డు లేదు. కానీ తల లెక్కలో వచ్చినట్టే ఉంది." ఆమె పుస్తకం తిరగేసింది. చెమట పట్టింది. "కుర్చీలో ఉన్నవాళ్ళు తీసుకోవాల్సిందే. లేకపోతే చివర్న ఒకటి మిగిలిపోతుంది. మిగిలితే ఎందుకు మిగిలిందని అడుగుతారు. దయచేసి లేవండి."

"నేను నటుణ్ణి కాదమ్మాయ్."

"ఈ గదిలో ఆ సమస్య మీ ఒక్కరిదే కాదు. లేవండి."

తక్ లేచాడు. లేచాక అతనికి తట్టింది. "నాకూ యాభై సెకన్లేనా?"

"యాభై."

"పార్లరు పేరు చెప్పాలా?"

ఆమె అతని జుట్టు చూసింది. "మీకు పార్లరు లేదు. ఏజెన్సీ లేదు. అభిమానులు..." పుస్తకం మూసింది. "యాభై సెకన్లూ మీవే."

వెండి కొంగ చరిత్రలో ఒక మనిషికి యాభై సెకన్లూ సొంతంగా దొరకడం అదే మొదలు. నూట నలభై మంది నటులు అసూయగా చూస్తుండగా తక్ బొంగ్‌చిల్ వేదిక ఎక్కాడు. చేతిలో కొంగ పెట్టారు. బరువుగా ఉంది. మైకు ముందు గొంతు సవరించుకోవడానికి నాలుగు సెకన్లు పట్టింది.

"మా ఇంటిది," అన్నాడు. "మా ఇంటిది అన్నం వండేది. మీలో సగం మంది తిన్నారు. తినలేదని ఎవడైనా అంటే చెయ్యెత్తండి."

ఎవరూ ఎత్తలేదు.

"మూడింటికి లేచేది. నీళ్ళు గడ్డకట్టేవి, గొడ్డలితో కొట్టేది. హేవన్ వాళ్ళమ్మ... మా కూతురు హేవన్, వాళ్ళమ్మ... ఈటెలు పట్టుకునేవాళ్ళకి కూడా గుడ్డు పెట్టేది. నేను తిట్టేవాణ్ణి. గుడ్లు లెక్క తక్కువొస్తాయని. అది నవ్వేది. టీవీ ముందు కూర్చునేది. ఆరేళ్ళు. ఒక్క ముక్క కోసం. మీకు పార్లరు వాళ్ళు నలుగురు గుర్తుంటారు. అదొక్కత్తి గుర్తుండదు. సిగ్గులేదూ మీకు?"

ఎవరో ముక్కు ఎగబీల్చారు. గడియారం నలభై నాలుగు. ఛే తన కుర్చీలోంచి లేచి నిలబడి పెదాలతో ఏదో చెబుతున్నాడు. తక్‌కు అర్థం కాలేదు. అర్థం చేసుకునే ఉద్దేశమూ లేదు.

"అందుకని నేనే చెప్తున్నా," అన్నాడు. "ఇదిగో వినవే. నా..."

నలభై మూడేళ్ళ కాపురం. 'ఇదిగో' అన్నాడు, 'ఏమే' అన్నాడు, పిల్ల పుట్టాక 'హేవన్ వాళ్ళమ్మా' అన్నాడు. అంతకు మించిన పిలుపు అవసరం పడలేదు. ఏ మర్యాదస్తుడికీ పడదు. కాగితాల మీద రాసి ఇచ్చాడు. రాసినవి చదువుకునేవాళ్ళు చదువుకున్నారు. ఇప్పుడు నోరు తెరిస్తే లోపల ఆ అక్షరాలకు దారి లేదు.

సంగీతం మొదలైంది. పేరు యాభై రెండో సెకనుకు నోటికి వచ్చింది. అప్పటికి మైకు నేలలోకి దిగిపోయింది. సోమ, మంగళవారాల శ్రేష్ఠ నటుణ్ణి ఇద్దరమ్మాయిలు చెరో చెయ్యి పట్టుకుని మెట్లు దింపారు. జనం చాలాసేపు చప్పట్లు కొట్టారు. ఎంత సహజంగా నటించాడో అని వెనక వరుసలో ఒకాయన అన్నాడు.

పది రోజులకు ఆరో అంతస్తు నుంచి ఉత్తరం వచ్చింది. విభాగం తన దగ్గరికి వచ్చిన ప్రతి దరఖాస్తుకూ జవాబిస్తుంది. ఆ విషయంలో దాన్ని వేలెత్తి చూపలేం.

"ప్యో సున్‌రే గారి పేరు వేదికపై పలకవలసిందిగా తమరు నవంబరులో ఇచ్చిన దరఖాస్తును ముగిస్తున్నాము. ప్రసారాన్ని మూడుసార్లు పరిశీలించాము. ఆ పేరు ఎక్కడా వినబడలేదు. మైకు అందుబాటులో ఉండి కూడా ఆ పేరు పలకనివారి జాబితా, తమ పరిశీలనార్థం, దీనితో జతపరచడమైనది."

జాబితా నాలుగు పేజీలుంది. తక్ కళ్ళజోడు పెట్టుకుని మొదటి నుంచి చదివాడు. ఒక్కొక్కడినీ తిట్టుకుంటూ చదివాడు. చివరి పేరు అతనిదే. ఒక్క అక్షరం తప్పు లేకుండా రాశారు.