మాస్టారి ఎల్ బోర్డు

ఊళ్లో సగం మందికి కారు నడపడం నేర్పిన డ్రైవింగు మాస్టారి లైసెన్సుకి కాలం చెల్లి ఏడాది దాటిపోయిందన్న సంగతి, ఆయన కంటే ముందు జిరాక్సు షాపువాడు కనిపెట్టాడు.

నిజానికి ఆ ఉదయం మాస్టారు వేసుకున్న పథకం చాలా చిన్నది. లైసెన్సు కాపీ ఒకటి తీయించాలి, పెద్దాసుపత్రి సూపరింటెండెంటు గారి బల్ల మీద పెట్టాలి, ఆవిడ ఇచ్చే కాఫీ తాగి ఇంటికి రావాలి. ఆసుపత్రి నర్సులందరికీ డ్రైవింగు నేర్పే పని కోసమే ఇదంతా. దొరికితే ముక్కుతూ మూలుగుతూ నడుస్తున్న స్కూలు నాలుగు కాలాలపాటు నిలబడుతుంది. దొరక్కపోతే స్కూలుకున్న ఒక్కగానొక్క కారుని అమ్ముకోవాలి. ఆ కారుని ఊరంతా తాబేలు అంటారు. మాస్టారు మాత్రం ‘అమ్మాయి’ అంటారు.

"ఇది పాతదేమో మాస్టారూ, కొత్తది ఇవ్వండి," అన్నాడు షాపువాడు.

"కొత్తదీ పాతదీ ఏంటయ్యా! మనిషికి ఒకటే లైసెన్సు."

"అయితే ఈ మనిషికి లేనట్టే," అంటూ వాడు తేదీ మీద వేలు పెట్టి చూపించాడు.

మాస్టారు కార్డుని దూరంగా పెట్టి చూశారు, దగ్గరగా పెట్టి చూశారు. ఎక్కడ పెట్టినా తేదీ మారలేదు. వెనక నిలబడ్డవాళ్లు కూడా మెడలు సాచి చూశారు. చూసి ఊరుకునే మెడలు కావవి.

ఇంటికి వచ్చేసరికి ఆయన మనసులో అనుమానితుడు ఒక్కడే ఉన్నాడు. వాడు ఆయన బావమరిది. స్కూల్లో ఫోనెత్తేది, పాఠాల వేళలు రాసేది, బయట ఆఫీసు పనులన్నీ చక్కబెట్టేది వాడే.

"ఏరా, నిరుడు నా రెన్యువల్ కాగితాలు నీకిచ్చాను. ఏం చేశావు?"

"ఆఫీసులో ఇచ్చేశాను బావా. నా చేత్తోనే."

"డబ్బు?"

"అదీ నా చేత్తోనే. రసీదు కూడా ఉంది."

"మరి లైసెన్సు రాలేదేం?"

"మీరడగలేదుగా!"

మాస్టారు చెయ్యెత్తేలోగా వంటింట్లోంచి భార్య గరిటెతో సహా వచ్చింది. "మా తమ్ముణ్ణి ఎందుకంటారు? ఏడాదిగా దాన్ని జేబులో వేసుకు తిరిగింది మీరు. పొద్దస్తమానం ఎదుటివాళ్లని అద్దం చూడు, అద్దం చూడు అని చంపుతారు. ఒక్కసారి మీ కార్డు మీరు చూసుకోలేకపోయారా?"

రసీదు మీద ఆఫీసు ముద్ర నిక్షేపంగా ఉంది. కాగితాలు లోపలికి వెళ్లాయి, లైసెన్సు బయటికి రాలేదు. అంటే నేరస్థుడెవరో ఆ ఆఫీసు గోడల మధ్యే ఉన్నాడు. మాస్టారు చొక్కా గుండీలు పైదాకా పెట్టుకుని బయల్దేరారు.

లైసెన్సుల ఆఫీసు కౌంటరులో ఉన్నావిడ ఆయన్ని చూడగానే లేచి నమస్కారం పెట్టింది. విషయం విని కంప్యూటరులో వెతికింది.

"దరఖాస్తు వచ్చింది మాస్టారూ. లోపల ఎక్కడో ఆగింది."

"ఎక్కడమ్మా?"

"ఎక్కడో తెలిస్తే ఆగదు కదండీ."

"పోనీలే, ఏదో కాస్త ఫైను కట్టించుకుని..."

"ఏడాది దాటిందంటే రెన్యువల్ కుదరదండీ. కొత్తగా తీసుకోవాల్సిందే. ఎల్ బోర్డు దగ్గర్నుంచి."

మాస్టారు కౌంటరు అంచు పట్టుకున్నారు. "అమ్మా, నీకు డ్రైవింగు నేర్పింది నేను!"

"అవునండీ, ఎంత బాగా నేర్పారో! ముందు లెర్నర్సు ఫీజు కట్టండి."

లెర్నర్సు ఫీజు తర్వాత పరీక్ష ఫీజు, ఆ తర్వాత కార్డు అచ్చు వేసే ఫీజు, అచ్చు వేసిన కార్డుని ఇంటికి పంపే ఫీజు వచ్చాయి. చివర్లో ఆలస్య రుసుము కూడా ఉందన్నప్పుడు మాస్టారికి ఒళ్లు మండింది.

"చచ్చిపోయిన లైసెన్సుకి ఆలస్య రుసుమేంటమ్మా?"

"చచ్చిపోయేదాకా ఆలస్యం చేసినందుకండీ."

తర్వాత డాక్టరు సర్టిఫికెట్టు. డాక్టరు గోడ మీది అక్షరాల పట్టిక చూపించి, "మూడో వరుస చదవండి," అన్నాడు. "మూడో వరుస ఉందా?" అన్నారు మాస్టారు. అక్కణ్ణుంచి ఆయన సరాసరి కళ్లజోళ్ల దుకాణానికి వెళ్లారు. జోడు ఖరీదు అంతవరకూ కట్టిన ఫీజులన్నిటినీ మింగి తేన్చింది. జోడు పెట్టుకుని ఆఫీసుకి వెళ్తే, ఇచ్చిన ఫొటోల్లో జోడు లేదు కాబట్టి అవి చెల్లవన్నారు. కొండనాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టు, ఒక కాగితం తెస్తే అది ఇంకో రెండు కాగితాల్ని ఈనుతోంది.

అసలు పిడుగు ఆఖరున పడింది.

"గుర్తింపున్న స్కూల్లో డ్రైవింగు నేర్చుకున్నట్టు సర్టిఫికెట్టు కావాలండీ," అంది కౌంటరావిడ.

మాస్టారు మొదటిసారి నవ్వారు. "స్కూలు నాదే. ఇప్పుడే రాసిస్తాను."

"నేర్పినవాళ్ల లైసెన్సు నంబరు వెయ్యాలి మరి. ఉందా?"

మాస్టారి నవ్వు ఎక్కడ మొదలైందో అక్కడే ఆగిపోయింది.

ఊళ్లో గుర్తింపున్న స్కూలు ఇంకొకటి ఉంది. దాని పేరు రాకెట్టు డ్రైవింగు స్కూలు. సరిగ్గా మాస్టారి స్కూలుకి ఎదురుగా ఉంటుంది. దాని యజమానిని కూడా జనం రాకెట్టనే అంటారు, అతను మాస్టారి పాత శిష్యుడే. ‘వీడు నడిపితే బండి దొంగిలించుకుపోతున్నట్టుంటుంది’ అని ఒకప్పుడు మాస్టారు నలుగురిలో అన్నందుకు, పంతం పట్టి ఎదురుగానే దుకాణం తెరిచాడు. వీధి దాటడానికి మాస్టారికి ఆ రోజు సగం పూట పట్టింది.

"మీ దగ్గర డబ్బు తీసుకుంటానా మాస్టారూ!" అంటూ రాకెట్టు ఎదురొచ్చి కుర్చీ వేశాడు.

మాస్టారికి కళ్లు చెమర్చాయి.

"తీసుకోకూడదనే అనుకున్నాను. కానీ మీరే నేర్పారు కదా, ఫీజు అందందే క్లచ్చు తాకనివ్వొద్దని. గురువు మాట ఎలా కాదంటాను?" అని చెయ్యి చాచాడు.

సర్టిఫికెట్టు ఊరికే రాసిమ్మంటే ససేమిరా అన్నాడు. మొత్తం పాఠాలన్నీ కూర్చోవాల్సిందేనన్నాడు. రాకెట్టు వారి కారు నిప్పు రంగులో ఉంటుంది, దాని నెత్తిన రేకుతో చేసిన రాకెట్టు బొమ్మ ఉంటుంది. ముందొక ఎల్ బోర్డు, వెనకొక ఎల్ బోర్డు. అందులో మాస్టారిని కూర్చోబెట్టుకుని మొదటి రోజే సంత వీధిలోకి తీసుకుపోయాడు.

"ఇది క్లచ్చు మాస్టారూ."

"తెలుసు."

"తెలుసు అనకూడదు. తెలుసన్నవాడే గోడకి గుద్దుతాడని మీరే అనేవారు."

మాస్టారు పళ్లు నూరారు. కానీ ఇంకో ఇబ్బంది కూడా ఉంది. దాన్ని ఆయన పైకి ఎవరికీ చెప్పలేదు. ఏళ్ల తరబడి ఆయన కూర్చున్నది పక్క సీట్లో. అక్కడ ఆయన కాలికింద ఒక బ్రేకు, నోట్లో ఒక అరుపు ఉండేవి, ఆ రెంటితోనే ఊరందరినీ ఒడ్డెక్కించారు. ఇప్పుడు స్టీరింగు చేతికిస్తే చేతులు కొయ్యబారిపోయాయి. కూరల బండి ఎదురొస్తే బ్రేకు తొక్కడానికి బదులు, "బ్రేకు తొక్కు!" అని గట్టిగా కేకేశారు. రాకెట్టు గబుక్కున తన వైపు బ్రేకు తొక్కి, టమాటాలవాడికి క్షమాపణ చెప్పాడు. వీధి వీధంతా చూసింది.

ఆ సాయంత్రం నుంచి స్కూల్లో ఫోను మోగుతూనే ఉంది. బావమరిది ఒక్కొక్కరికీ ఫీజు వాపసు చేస్తూ వచ్చాడు.

"ఏమంటున్నార్రా?"

"నేర్పేవాడే నేర్చుకుంటుంటే మా గతేంటి అంటున్నారు బావా. ఇంకొకాయనైతే, మీకు పాఠాలు ఎలా వస్తున్నాయని అడిగాడు. పర్లేదు, మెల్లగా వస్తున్నాయన్నాను."

"అలా అన్నావా?"

"పరువు నిలబెడదామనీ..."

మర్నాడు ఏకంగా సూపరింటెండెంటు గారే ఫోను చేశారు. "మాస్టారూ, మీరు రాకెట్టు స్కూల్లో చేరారట కదా! మీ అంతటివారే చేరారంటే అక్కడ బాగా నేర్పుతున్నట్టే. మా నర్సుల్ని కూడా అక్కడికే పంపుదామా అని ఆలోచిస్తున్నాను."

మాస్టారు ఫోన్లోనే ప్రాధేయపడ్డారు. ఆవిడ కఠినురాలేం కాదు. నెలాఖరులోగా లైసెన్సు చూపిస్తే పని మీకే, లేకపోతే రాకెట్టుకే అని తేల్చి చెప్పింది. అప్పటికి తోలు బ్యాగు కొనడానికి దాచుకున్న డబ్బు కూడా ఫీజుల్లోకి పోయిన భార్య, ఆ రాత్రి అన్నం వడ్డిస్తూ ఒకే మాట అంది: "ఇంత డబ్బు పోస్తే డ్రైవరుని పెట్టుకుని తిరిగేవాళ్లం."

పరీక్ష సరిగ్గా నెలాఖరు రోజున పడింది. పరీక్ష పెట్టే ఇన్‌స్పెక్టరుని జనం ఎర్రపెన్ను అంటారు. కొట్టివేత తప్ప మరో రాత తెలియని మనిషి. ఆయన వచ్చిన దగ్గర్నుంచి ఒక్కసారికే పాసైనవాళ్లని ఊళ్లో వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. ఆయన పక్కన కూర్చుంటే చాలు, ఇంజను దానంతటదే ఆగిపోతుందని ప్రతీతి.

పేరు పిలిచేసరికి మాస్టారు భయంభయంగా లేచారు. నిప్పు రంగు కారు దగ్గరికి ఎలా నడిచారో ఆయనకే తెలియదు. తలుపు తీశారు, కూర్చున్నారు, బెల్టు పెట్టుకున్నారు, చేతులు ఒళ్లో పెట్టుకుని కళ్లు మూసుకున్నారు.

కూర్చున్నది పక్క సీట్లో.

ఎర్రపెన్ను అట్ట పట్టుకుని వచ్చాడు. మాస్టారిని చూశాడు. ఖాళీగా ఉన్న స్టీరింగు సీటుని చూశాడు. ఒకసారి చుట్టూ చూశాడు. రాకెట్టు, బావమరిది గేటు దగ్గర సోడా తాగుతున్నారు. ఇన్‌స్పెక్టరు నోరు తెరిచి ఏదో అనబోయి మానేశాడు. కారు చుట్టూ తిరిగి వెళ్లి, స్టీరింగు ముందు కూర్చుని తలుపేసుకున్నాడు.

కళ్లు మూసుకునే ఉన్న మాస్టారికి పక్కన ఎవరో బిక్కుబిక్కుమంటూ ఊపిరి పీలుస్తున్న చప్పుడు వినిపించింది. ఆ చప్పుడు ఆయన జీవితమంతా విన్నదే. వినగానే ఆయన భయం ఎటు పోయిందో పోయింది.

"సీటు ముందుకి జరుపుకో బాబూ. అద్దం చూసుకున్నావా?"

"చూశానండీ."

"చూళ్లేదు. మళ్లీ చూడు. క్లచ్చు మెల్లగా వదలాలి. కాలికింద గుడ్డుంది, చితక్కూడదు అనుకో."

గుడ్డు చితికింది. కారు గెంతింది, ఆగింది, మళ్లీ గెంతింది. ఆఫీసు వెనక పరీక్ష బాటలో పాములా మెలికలు తిరుగుతూ సాగింది. "బాగుంది, బాగుంది. భుజాలు వదులు చెయ్యి. స్టీరింగు మనకి శత్రువు కాదు," అని మాస్టారు బుజ్జగిస్తూనే ఉన్నారు. మలుపులో, అలవాటు కొద్దీ అరకన్ను తెరిచిన మాస్టారికి ఎదురుగా నీళ్ల ట్యాంకు కనబడింది. "బ్రేకు!" అన్నారు. పక్కాయన యాక్సిలరేటరు తొక్కాడు. మాస్టారు తన కాలికింది బ్రేకు మీద నిలువునా నిలబడ్డారు. కారు ట్యాంకుని ముద్దుపెట్టుకోబోయి మానుకుంది. నెత్తిన రాకెట్టు బొమ్మ మాత్రం ఆగలేదు, ఎగిరి ట్యాంకు పైకెక్కింది.

అప్పుడు మాస్టారు పూర్తిగా కళ్లు తెరిచి పక్కకి తిరిగారు. ఎవరు ఎక్కడ కూర్చున్నారో అర్థమై ఆయన ముఖం సున్నమైపోయింది. స్కూలు, నర్సులు, అమ్మాయి, అన్నీ కళ్లముందే చేజారిపోతున్నాయి.

"అయ్యా, తప్పయిపోయింది. అలవాటు కొద్దీ కూర్చున్నాను. నన్ను..."

ఎర్రపెన్ను నుదుటి చెమట తుడుచుకున్నాడు. అట్ట తీసి, ‘పాస్’ అని రాసి సంతకం పెట్టి, కాగితం మాస్టారి ఒళ్లో పెట్టాడు. తర్వాత ట్యాంకు వైపు చూస్తూ నోరు విప్పాడు.

"మిమ్మల్ని ఫెయిల్ చేసే ముఖం నాకు లేదు మాస్టారూ. నిరుడు మీ రెన్యువల్ ఆపింది నేనే. లంచం కోసం కాదు, ఒట్టు. నాకు బండి నడపడం రాదు. ఉద్యోగానికి రాతపరీక్షలో మొదటివాణ్ణి నేను. డ్రైవింగు పరీక్ష రోజున వానొచ్చిందని వాయిదా వేశారు, మళ్లీ ఎవరూ అడగలేదు. అడక్కపోతే నేనెందుకు చెప్తాను? అప్పట్నుంచీ ఎవడి పక్కన కూర్చున్నా ప్రాణాలు అరచేతిలో పెట్టుకునే కూర్చుంటున్నాను. ఎక్కడ భయమేస్తే అక్కడ కొట్టేస్తున్నాను. నేర్చుకుంటే మీ దగ్గరే నేర్చుకోవాలని ఊరంతా అంటారు. కానీ ఇన్‌స్పెక్టరు ఎల్ బోర్డు కట్టుకుని మీ తాబేల్లో తిరిగితే ఏం బాగుంటుంది చెప్పండి? మీ కాగితం ఆపితే మీరు కోపంగా నా గదికొస్తారు, తలుపేసి మెల్లగా అడుగుదామనుకున్నాను. ఏడాదంతా ఎదురుచూశాను. మీరు రారే! మనిషన్నాక తన లైసెన్సు మీద ఆ మాత్రం పట్టింపు ఉండొద్దా? సరే, అయిందేదో అయింది. రేపట్నుంచి నేను మీ దగ్గరికొస్తే ఫీజు ఎంతవుతుంది? కాస్త చూసి చెప్పండి మాస్టారూ, ఈ రోజుల్లో లైసెన్సు తీసుకోవాలంటే మామూలు ఖర్చా!"