బట్టలారేసే తాడు, తాతగారి తుపాకీ

కొత్త సంవత్సరం రోజు పొద్దున్నే పంది మాంసం, పులియబెట్టిన క్యాబేజీ కలిపి పొయ్యి మీద పెట్టేసి, మామగారూ మరిదీ భోజనానికి వచ్చేలోగా పక్కలు సర్దుకుందామనుకుంది వెర్నా. తన దిండు ఎత్తేసరికి గది నిండా ఈకలు లేచాయి. దిండు మూలన నలుచదరంగా ఒక ముక్క లేదు.

"హార్లన్!"

వంటింట్లో పందికొవ్వు డబ్బాలో వేలు పెట్టి నిలబడ్డ భర్త ఉలిక్కిపడ్డాడు. బల్ల మీద చారల గుడ్డ ముక్కలు ఆరేసినట్టు పరిచి ఉన్నాయి.

"చిన్న ముక్కే కదా వెర్నా! తుపాకీ గుండుకి చుట్టాలంటే దిండు గుడ్డే ఉండాలి. నేత గట్టిగా ఉంటుంది."

"నీ దిండూ అదే గుడ్డ."

"దాని మీద నేను పడుకోవాలి కదా!"

ఈ జవాబు అతనికి సబబుగానే తోచింది. వెర్నా మాత్రం తలలో ఈకలతో అతని వెంట గుమ్మం దాకా వెళ్ళి, పోయినేడాది కత్తిరించిన ఏప్రన్ సంగతి, అంతకుముందు పోయిన కర్టెన్ సంగతి కూడా గుర్తుచేసింది. అతను భుజాన తుపాకీ, చంకన సంచీ పెట్టుకుని, వినబడనట్టు మంచులోకి దిగిపోయాడు.

ఆ తుపాకీ హార్లన్ తాతగారిది. గొట్టం మూతిలో మందు పోసి, గుండు దట్టించి, చెకుముకి రాయి నిప్పుతో పేల్చే రకం. ఏటా ఈ రోజున అన్నదమ్ములిద్దరూ ఇంటి వెనక అడవిలో చెక్కకు గురిపెట్టి కాలుస్తారు. ఎవరు గురి కొడితే ఆ ఏడాదంతా తుపాకీ వాళ్ళింట్లో, పొయ్యి గూటి పైన వేలాడుతుంది. పెళ్ళయినప్పటి నుంచీ అది వెర్నా ఇంట్లోనే వేలాడుతోంది. ఆమె తల్లి ఇచ్చిపోయిన గోడ గడియారం మాత్రం అట్టపెట్టెలో, మంచం కింద ఉంది. ఆ గోడ మీద అమ్మ గడియారం పెట్టుకోవాలన్నది ఆమె ఒకే ఒక్క కోరిక. ఈసారైనా భర్త గురి తప్పాలని, అలా కోరుకోవడం పాపమని తెలిసే, చర్చిలో కూడా కోరుకుంది.

అడవిలో వెర్నా మామగారు, ముసలి మిల్టన్ గారు, మడత కుర్చీలో, దుప్పటి కప్పుకుని, న్యాయనిర్ణేతగా కూర్చున్నారు. హార్లన్ ఇంకా ఇంట్లో గొడవే పళ్ళు కొరుకుతూ తలుచుకుంటున్నాడు.

"ఒక్క ముక్క గుడ్డకి అంత అరవాలా? నువ్వు చెప్పరా డెల్బర్ట్!" అంటూనే గుండుకి గుడ్డ చుట్టి, కొవ్వు పూసి, కర్రతో అడుగు దాకా దట్టించాడు. గురి చూసి మీట నొక్కాడు. చెకుముకి రాయి కింద చిన్న గిన్నెలో వేసిన చిటికెడు మందు తుస్సుమంది. తుపాకీ నోరు విప్పలేదు.

"అన్నయ్యా, లోపల మందు పోశావా?" అన్నాడు డెల్బర్ట్.

హార్లన్ సంచీ వంక చూశాడు. మందు పోసి ఉంచే కొమ్ము ఇంకా నిండుగానే ఉంది.

"ఏ తెలివితక్కువవాడు కన్నాడురా మీ ఇద్దర్నీ..." అని మిల్టన్ గారు మధ్యలోనే ఆపేశారు, కన్నతండ్రి తనే గనక.

అన్నదమ్ములు కర్ర చివర మర బిగించి గుండును వెనక్కి లాగబోయారు. మర గుండులో దిగింది, గుండు కదల్లేదు. ఇప్పుడు కర్ర కూడా రాదు. ఒకడు తుపాకీని, ఒకడు కర్రను పట్టుకుని లాగితే ఇద్దరూ చెరోవైపు మంచులో కూలబడ్డారు. చివరికి డెల్బర్ట్ ఒక ఉపాయం చెప్పాడు. పక్కనున్న చిన్న రంధ్రంలోంచి మందు కొంచెం కొంచెం లోపలికి ఎక్కించి, తుపాకీని చెక్క వైపు తిప్పి మొద్దుకు కట్టేసి, దూరం నుంచి తాడుతో మీట లాగాలి. తాడు కోసం అతనే పరిగెత్తుకెళ్ళి తెచ్చాడు.

అంతా సిద్ధమయ్యాక ఇద్దరూ దూరంగా ఒక దుంగ వెనక బోర్లా పడుకున్నారు.

"లాగు."

"నువ్వే లాగు. పేలిపోతే తాత తుపాకీ పగలగొట్టినవాణ్ణని నా మనవలు కూడా చెప్పుకుంటారు."

"పెద్దవాణ్ణి, నా మాట విను."

"పెద్దవాడివి కాబట్టే నువ్వు లాగు."

అదే సమయంలో ఇంట్లో వెర్నా ఖాళీ అయిన దిండు గుడ్డ ఉతికి పెరట్లోకి వచ్చింది. రెండు గుంజలున్నాయి, మధ్యన తాడు లేదు. మంచు మీద బూటు గుర్తులు అడవి వైపు పోతున్నాయి. తడిగుడ్డ చేత్తో పట్టుకుని ఆ గుర్తుల వెంటే వచ్చింది. తుపాకీ కట్టిన మొద్దు నుంచి దుంగ దాకా, మంచు మీద పాములా పడి ఉంది ఆమె తాడు.

"దిండు, కొవ్వు, ఆఖరికి నా బట్టల తాడు కూడానా!"

"వదినా, వద్దు!"

ఆమె అప్పటికే లాగేసింది.

అడవి దద్దరిల్లింది. కుళ్ళిన గుడ్ల వాసనతో తెల్లటి పొగ అందరినీ మింగేసింది. పొగ విడిపోయేసరికి తుపాకీ చెక్కుచెదరకుండా ఉంది. చెక్క నట్టనడుమ, సరిగ్గా నల్లచుక్కలో, దట్టించే కర్ర నాటుకుని ఇంకా వణుకుతోంది.

"అది నా తుపాకీ దెబ్బ!" అన్నాడు హార్లన్.

"మందు నేను పోశాను!" అన్నాడు డెల్బర్ట్.

మిల్టన్ గారు చేయెత్తారు. "ఆకలేస్తోంది. భోజనం దగ్గర చెప్తాను."

మాంసం రెండోసారి వడ్డించాక ఆయన మూతి తుడుచుకున్నారు. "కర్ర గుండు కాదు. హార్లన్ దెబ్బ తప్పినట్టే. పాపం కోడలమ్మాయి కూడా ఆ గోడ కోసం ఎన్నాళ్ళుగానో అడుగుతోంది. ఈ ఏడాది తుపాకీ డెల్బర్ట్ ఇంటికి."

వెర్నా మొహం విప్పారింది. గడియారానికి మేకు ఎక్కడ కొట్టాలో కూడా చూసేసుకుంది.

"అంతే మరి నాన్నా," అన్నాడు డెల్బర్ట్, నోటి నిండా క్యాబేజీతో. "వదిన లాగింది బట్టల తాడు. దాన్ని కూడా కాల్చడం అంటే, వచ్చే ఏడాది కోళ్ళు కూడా పోటీకొస్తాయి."

హార్లన్ నవ్వాడు. మామగారు కూడా దగ్గినట్టు చేసి నవ్వారు.

వెర్నా గరిటె కింద పెట్టింది.

"గుడ్డ నాది. కొవ్వు నాది. తాడు నాది. లాగింది నేను. మీ ఇద్దరూ దుంగ వెనక దాక్కున్నారు. చుక్కలో దెబ్బ తగిలిందా లేదా మామయ్యా?"

"తగిలింది," అన్నారాయన మెల్లగా.

"అయితే తుపాకీ నాది. ఈ గోడ మీద నుంచి ఎవరు దింపుతారో నేనూ చూస్తాను!"

హార్లన్ చప్పుడు కాకుండా లేచి, తుపాకీ తెచ్చి, పాత మేకులకే తగిలించాడు.

అమ్మ గడియారం ఇంకా మంచం కిందే ఉందన్న సంగతి వెర్నాకు గిన్నెలు కడిగేటప్పుడు గుర్తొచ్చింది.