పెట్టె మనది, పళ్లు వాళ్లవి

"ఇకనుంచి ఈ ప్రభుత్వంలో పెట్టెలు పచ్చగా ఉంటాయి. పళ్లు తెల్లగా ఉంటాయి!"

పర్యావరణ మంత్రిగారు విలేకరుల సమావేశంలో ఈ మాట అనేసరికి హాలు చప్పట్లతో మారుమోగిపోయింది. విలేకరులు మామూలుగా చప్పట్లు కొట్టరు. ఆ సంగతి తెలిసే ముందు రెండు వరుసల్లో శాఖ సిబ్బందిని కూర్చోబెట్టారు.

పథకం పేరు తెల్లనవ్వు. పళ్లను మిలమిల మెరిపించే టూత్‌పేస్టు, అదీ పర్యావరణానికి హాని చేయని ప్యాకింగులో వచ్చేది, ప్రభుత్వమే ఏరి కోరి ఎంపిక చేస్తుంది. ముందు ఉద్యోగులకు, ఆ తర్వాత ప్రజలకు ఉచితంగా పంచుతుంది. ఏ పేస్టు కొనాలో తెలియక జనం దుకాణాల ముందు నిలబడి ఎంత నలిగిపోతున్నారో మంత్రిగారికి తప్ప ఎవరికి పట్టింది? దూరదృష్టి అంటే ఇలా ఉండాలి.

గిట్టనివాళ్లు మాత్రం దీనికి వేరే కారణం చెబుతారు. అంతకుముందు వారం మంత్రిగారు ఒక విదేశీ బృందంతో దిగిన ఫొటో పత్రికలో వచ్చింది. అందరూ నవ్వారు. వాళ్ల పళ్లు తెల్లగా వచ్చాయి, మంత్రిగారివి పచ్చగా వచ్చాయి. ఫొటో కింద 'పచ్చదనమే ఈయన ప్రత్యేకత' అని రాశారు. రాసినవాడు పాపం మెచ్చుకుంటూనే రాశాడు.

ఆ పత్రికను మంత్రిగారి కంటపడకుండా దాచడానికి ప్రయత్నించి విఫలమైనవాడు ఆయన పి.ఏ. మంత్రిగారు ఏమన్నా "చిత్తం సార్" అనీ అనీ అతనికి చిత్తం అన్నదే పేరైపోయింది. అసలు పేరు వాళ్లమ్మకు తెలుసు. కానీ ఆవిడ పెద్దోడా అని పిలుస్తుంది.

ఆ అమ్మకు అప్పుడు దవడ పన్ను నొప్పి. బుగ్గ బూరెలా ఉబ్బింది. పాలల్లో నానేసిన రొట్టె తప్ప ఏదీ నోట్లోకి పోవడం లేదు. కొడుకు ముందు పంటి బిగువున ఓర్చుకుందామన్నా ఆ పన్నే బిగించడానికి వీల్లేని పరిస్థితి. ప్రభుత్వ దంత వైద్యశాల డాక్టరు చూసి పన్ను తీసేయాలన్నాడు. అయితే అక్కడి కుర్చీ విరిగింది. వెనక్కి వాలుతుందిగానీ మళ్లీ లేవదు. రోగిని ఇద్దరు పట్టి లేపాలి. కొత్త కుర్చీ వస్తేగానీ ఎవరి పన్నూ ముట్టుకోనని డాక్టరు ఒట్టేసుకున్నాడు. ఆ కుర్చీ ఫైలు మంత్రిగారి బల్ల మీదే ఉంది, ఆయన నియోజకవర్గ నిధి నుంచి ఇవ్వాలి. ప్రైవేటు డాక్టరు దగ్గరికి పోదామంటే మంత్రిగారు ఒప్పుకోలేదు. "నా పి.ఏ. తల్లి ప్రైవేటుకు పోయిందంటే ప్రభుత్వ ఆస్పత్రి పరువేం కావాలయ్యా?" అన్నారు. ఆ మాటా నిజమే.

విలేకరుల సమావేశం అయ్యాక చిత్తం ధైర్యం కూడగట్టుకున్నాడు.

"సార్, చిన్న మనవి. కుర్చీ సంగతి..."

మంత్రిగారు అదిరిపడ్డారు. "ఎవరి కుర్చీ? పైనుంచి ఫోనొచ్చిందా?"

"కాదు సార్, పళ్ల ఆస్పత్రి కుర్చీ."

"ఆ ముక్క ముందు ఏడవొద్దూ! గుండె ఆగినంత పనైంది." ఆయన మంచినీళ్లు తాగారు. "ఇంకెప్పుడూ ఈ గదిలో ఆ మాట ఎత్తకు. నిధి మొత్తం తెల్లనవ్వుకే. అది అయ్యాక చూద్దాం."

"చిత్తం సార్."

మర్నాడు సెక్షన్ ఆఫీసరు ఒక చిక్కు తెచ్చాడు. పళ్లు ఆరోగ్య శాఖ కిందికి వస్తాయి. పేస్టు పరిశ్రమల శాఖ కిందికి వస్తుంది. వాటి జోలికి పోతే ఆ మంత్రులిద్దరూ ఊరుకోరు.

"మరి మనకు మిగిలిందేమిటి?" అన్నారు మంత్రిగారు.

"పెట్టె సార్."

"చాలు. పెట్టెనే ఎంపిక చేద్దాం. కమిటీ వేయండి. పళ్ల గురించి క్షుణ్ణంగా తెలిసినవాడు అందులో ఒక్కడైనా ఉండాలి."

ఆ మాటకు చిత్తానికి ప్రాణం లేచొచ్చింది. ఆస్పత్రి డాక్టరు తప్ప పళ్ల గురించి క్షుణ్ణంగా తెలిసినవాడు ఇంకెవడు? కమిటీలో కూర్చున్నాడంటే కుర్చీ మాట ఆయనే ఎత్తుతాడు. చిత్తం వెంటనే ఫోన్ చేసి, ఇస్త్రీ చొక్కా సిద్ధంగా ఉంచుకోమని డాక్టరుకు చెప్పాడు కూడా.

కానీ సెక్షన్ ఆఫీసరు ఉన్నది ఉన్నట్టు చదివే మనిషి. ఫైల్లో 'పళ్ల రంగంలో అనుభవం, ప్యాకింగులో నైపుణ్యం' అని ఉంది. రెండూ ఉన్నవాణ్ణి వెతికించి ఉత్తర్వు ఇచ్చాడు. కమిటీ మొదటి రోజున గదిలోకి బొప్పాయి వాసన ముందు వచ్చింది, వెనక టోకు పళ్ల వ్యాపారి వచ్చాడు.

చిత్తం తెల్లమొహం వేశాడు. సెక్షన్ ఆఫీసరును పక్కకు లాగాడు.

"అయ్యా, ఆ పళ్లు కాదండీ. నోట్లో ఉండే పళ్లు!"

"ఇవి మాత్రం ఎక్కడికి పోతాయి, నోట్లోకేగా?"

"కాస్త ఉత్తర్వు మార్చండి."

"మారిస్తే తప్పు జరిగిందని ఒప్పుకున్నట్టు కాదూ? మన శాఖలో ఇంతవరకు అలాంటి అప్రతిష్ఠ లేదు."

బల్ల మీద నాలుగు కంపెనీల టూత్‌పేస్టులు వరసగా పెట్టారు. పేస్టు చూస్తే సభ్యుల మనసు పెట్టె మీద నిలవదని, సెక్షన్ ఆఫీసరు ముందే ట్యూబులన్నీ పిండించి పారేయించాడు. అంత పకడ్బందీగా జరిగిన ఎంపిక ఇంకోటి చూపించమనండి. వ్యాపారి ఒక్కో పెట్టెనూ బొటనవేలితో నొక్కాడు, వాసన చూశాడు, చెవి దగ్గర పెట్టుకుని ఊపాడు.

"దీనికి గాలి ఆడదండి. సరుకు లోపలే మగ్గిపోతుంది."

"మగ్గితే?" అన్నారు మంత్రిగారు.

"తియ్యగా అవుతుంది."

'రుచి పెరుగును' అని సెక్షన్ ఆఫీసరు రాసుకున్నాడు.

ఆఖరి పెట్టె గడ్డితో చేసింది. దాని అట్టలో విత్తనాలు కలిపారట. వాడాక మట్టిలో పాతితే మొలకెత్తుతుందట. మంత్రిగారు దాన్ని ముద్దు పెట్టుకున్నంత పనిచేశారు. మిగతావి నాలుక గీసుకోవడానికి కూడా పనికిరావని తేల్చేశారు.

"పెట్టె బ్రహ్మాండంగా ఉంది సార్. ఇంతకీ ఇందులో పెట్టే సరుకేదండి?" అన్నాడు వ్యాపారి.

"అది మన పరిధిలోకి రాదు," అన్నాడు సెక్షన్ ఆఫీసరు.

"ఖాళీ బుట్ట అమ్మితే మా మార్కెట్లో తంతారండి."

మంత్రిగారు పచ్చటి పళ్లన్నీ కనబడేలా నవ్వారు. "అందుకే మీరు మార్కెట్లో ఉన్నారు, మేం ప్రభుత్వంలో ఉన్నాం."

వ్యాపారికి ఆ జవాబు నచ్చింది. మర్నాటికల్లా తన దుకాణం బోర్డు మీద 'ప్రభుత్వ పళ్ల నిపుణుడు' అని రాయించుకున్నాడు.

ఇంటి దగ్గర అమ్మ మాట్లాడటం కూడా తగ్గించింది. "ఏమైందిరా పెద్దోడా, కుర్చీ?" అని సగం నోటితో అడిగితే, మంత్రికి పి.ఏ. అయ్యుండి ఒక్క కుర్చీ తేలేకపోయానే అని చిత్తానికి ఏడుపొచ్చింది. ఆ ఏడుపులోనే ఉపాయం తట్టింది. ఎత్తకూడనిది కుర్చీ అన్న మాట ఒక్కటే కదా!

"సార్, ప్రారంభోత్సవానికి తమకొక ప్రత్యేక ఆసనం చూశాను. వెనక్కి వాలుతుంది. పైన లైటుంటుంది. వెలుగు సూటిగా నోటి మీదే పడుతుంది."

"నేను నవ్వితే?"

"తళతళలాడుతుంది సార్."

చిత్తం కలం మూత తీసేలోపే మంత్రిగారు తన కలంతో సంతకం పెట్టేశారు. సభ ముగియగానే కుర్చీ ఆస్పత్రికి, అమ్మ కుర్చీలోకి. అలా అనుకుంటూ చిత్తం ఆ రోజు ఇంటికి ఈల వేసుకుంటూ వెళ్లాడు.

ప్రారంభోత్సవం కన్నుల పండుగగా జరిగింది. మంత్రిగారు వేదిక మీద దంత వైద్యుడి కుర్చీలో వెనక్కి వాలి, లైటు వెలుగులో పెట్టె మూత తీశారు. లోపలికి చూశారు. తలకిందులు చేసి తట్టారు. జనం ఊపిరి బిగబట్టారు.

"చూశారా! ఒక్క చుక్క రసాయనం లేదు!" అన్నారు మంత్రిగారు.

ముందు రెండు వరుసలు లేచి చప్పట్లు కొట్టాయి.

అంతా బాగానే ఉందిగానీ, కుర్చీ ఆస్పత్రికి చేరలేదు. మంత్రిగారి ఛాంబరుకు చేరింది. భోజనం తర్వాత కునుకు తీయడానికి దాన్ని మించింది లేదని ఆయన కనిపెట్టారు.

"సార్, ఆ ఆసనం ఆస్పత్రికి..." అని నసిగాడు చిత్తం.

"నా కుర్చీ మీద నువ్వు కూడా కన్నేశావటయ్యా?"

"చిత్తం... కాదు సార్! కాదు!"

చివరికి డాక్టరే దిగొచ్చాడు. మంత్రిగారు నిద్రలేచి టీకి వెళ్లే కాసేపట్లో, ఛాంబరులోనే పన్ను పీకేస్తానన్నాడు. చిత్తం అమ్మను తీసుకొచ్చి సందర్శకుల గదిలో కూర్చోబెట్టాడు. గది నిండా పచ్చటి పెట్టెలు కప్పుదాకా పేర్చి ఉన్నాయి. లోపల మంత్రిగారి గురక వినబడుతోంది. డాక్టరు ఇంకా దారిలో ఉన్నాడు. అమ్మ బుగ్గ పట్టుకుని కళ్లు మూసుకుంది.

పక్కన పళ్ల నిపుణుడు మంత్రిగారి కోసం తెచ్చిన జామకాయల బుట్టతో కూర్చుని ఉన్నాడు. నీరసంగా ఉన్న పెద్దావిణ్ణి చూసి ఆయన మనసు కరిగింది. మంచి దోరకాయ ఏరి చేతిలో పెట్టాడు.

"తినండమ్మా. మొహమాటపడకండి. పంచదారే!"

అమ్మది మహా మొహమాటం. పరాయి మనిషి ప్రేమగా పెడితే కాదనలేదు. కొరికింది.

కటుక్కుమంది.

ఫోన్లో ఉన్న చిత్తం పరుగెత్తుకొచ్చేసరికి అమ్మ అరచేతిలో పన్ను ఉంది. పైట చెంగుకు కాస్త రక్తం అంటింది. ముఖంలో మాత్రం చాలా రోజుల తర్వాత హాయి కనబడింది. చేతికందిన పెట్టె ఒకటి తీసి, పన్ను అందులో వేసి, మూత పెట్టింది.

"పెట్టె బాగుందిరా పెద్దోడా," అంది.

చిత్తానికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. అమ్మ కాళ్ల దగ్గర కూలబడిపోయాడు.

ఈ సందడికి మంత్రిగారు లేచి బయటికొచ్చారు. విషయమంతా విన్నారు. ముఖం వెలిగిపోయింది.

"అంటే మన నిపుణుడి చేతి చలవతో, మన పెట్టె సాయంతో, ఒక తల్లి పంటి నొప్పి పోయిందన్నమాట! తెల్లనవ్వు తొలి లబ్ధిదారు! ఏదీ, ఫొటోగ్రాఫర్ని పిలవండి. అమ్మగారిని ఆ కుర్చీలో కూర్చోబెట్టండి. ఒక్క ఫొటో వరకే సుమా."

అలా అమ్మ కుర్చీ ఎక్కింది. కుర్చీ వెనక్కి వాలింది. లైటు వెలిగి సూటిగా ఆమె నోటి మీద పడింది. పెట్టెను గుండెల మీద పెట్టించారు. పక్కన మంత్రిగారు నిలబడి నవ్వు సర్దుకున్నారు.

"ఏదీ అమ్మా, నవ్వండి!" అన్నాడు ఫొటోగ్రాఫరు.

అమ్మ కొడుకు వైపు చూసింది.

"నోరు తెరిచి నవ్వనా, మూసుకుని నవ్వనా పెద్దోడా?"

చిత్తం మంత్రిగారి వైపు చూశాడు, అమ్మ వైపు చూశాడు.

"మూసుకునే నవ్వమ్మా," అన్నాడు.