మిగిలిన కోడితో సూపు

రేడియో వచ్చాకే ఆడవాళ్ల కష్టాలు తీరాయి! నమ్మరా? అయితే బాన్ అక్యూయ్ ఊరు వెళ్లి నాగయ్యని అడగండి.

మారిషస్‌కి స్వాతంత్ర్యం ఇంకా మాటల్లోనే ఉన్న రోజులవి. బస్సు కండక్టర్ నాగయ్య సాంత్ర్ ద ఫ్లాక్ బజారులో ఓ ట్రాన్సిస్టర్ కొన్నాడు. ఇక అతనికి రాని విద్య లేదు. ఆవు మేత మానేస్తే రేడియో, తుపాను వస్తే రేడియో, భజనలో తాళం తప్పినా రేడియోనే!

ఓ శనివారం అందులో ఒక మేడమ్ మొక్కజొన్న చౌడర్ గురించి చెప్పింది. అదేదో చిక్కటి పాల సూపట. నిన్న మిగిలిన కోడి వేస్తే పావుగంటలో తయారట!

పావుగంటే! మరి అతని భార్య అంకమ్మ పొద్దస్తమానం వంటింట్లో ఏం చేస్తున్నట్టు? తడికట్టెలు ఊదడం, కుళాయి దగ్గర నిలబడటం, ఆవు పాలు పితకడం కూడా వంటేనా? మేడమ్ ఆ ఊసే ఎత్తలేదే!

"రేపు సాయంత్రం అదే చెయ్యి. మా బస్సు డ్రైవరు గోవిందుని కూడా పిలిచాను," అన్నాడు నాగయ్య.

"కోడి మిగలాలి కదయ్యా," అంది అంకమ్మ.

"అదే మిగులుతుందిలే!"

ఆ నమ్మకాన్ని మెచ్చుకోవాలి. ఆ ఇంట్లో కోడి మిగిలిన పాపాన పోలేదు. ముందు నాగయ్య, తర్వాత అతని వెంట వచ్చినవాళ్లు. చివరికి అంకమ్మకీ, అత్త పాపమ్మకీ కుండ అడుగున పులుసు. మొన్న జ్వరపడి లేచిన పాపమ్మ నోరు తెరిచి ఒక్క ముక్క అడగలేదు.

ఆదివారం నాగయ్య డ్యూటీలో ఉండగానే కోడికూర పొయ్యి దిగింది. మిగలాలంటే ముందు ఎవరో ఒకరు తినాలి కదా? అంకమ్మ కుండ మూత తీసి చూసింది. తర్వాత రెండు కంచాలు పెట్టింది.

"మగాడు తినకముందేనా?" పాపమ్మ గుటక వేసింది.

"రేడియోలో చెప్పారత్తా."

"అయ్యో! అయితే తప్పుతుందా?" అంటూ పాపమ్మ తొడముక్క అందుకుంది. ఎముకని కూడా వదల్లేదు.

సాయంత్రం వాన పట్టుకుంది. అంకమ్మ పెరట్లో మొక్కజొన్న కండెలు విరిచి గింజలు ఒలిచింది. బంగాళాదుంపలు, పాలు, ఉల్లికాడలు వేసి, కుండలో మిగిలిన మెడా, రెక్క కొసలూ కలిపింది. తడుస్తూ వచ్చిన నాగయ్యకీ, గోవిందుకీ వేడి వేడి సూపు కమ్మగా గొంతు దిగింది.

"పచ్చగా ఉందేమిటి? తెల్లగా ఉండాలి," అన్నాడు నాగయ్య.

"రేడియోలో రంగు కూడా కనిపించిందా?"

గోవిందుకి నవ్వొచ్చి పొలమారింది. నాగయ్య గరిటెతో అడుగుదాకా దేవాడు.

"కోడేది?"

"మిగిలింది అంతే."

అతను తల్లివైపు చూశాడు. ఆవిడ ఈనెపుల్లతో పళ్లు కుట్టుకుంటూ వానకేసి చూస్తోంది.

మరుసటి ఆదివారం నాగయ్య డ్యూటీకి సెలవు పెట్టాడు. కూర దిగకముందే వంటింటి గుమ్మంలో ప్రత్యక్షం!

"నేనూ మీతోనే తింటాను."

"కూర్చో నాయనా," అంది పాపమ్మ, తొడముక్క కోడలి కంచంలో వేస్తూ.