తోపు ఎవరి అనుభవంలో ఉంది

మిషన్ బడి సుందరరాజు సారు మీద మాలకొండయ్యకు ఉన్న కోపం మామూలు కోపం కాదు. సారు అతని సొమ్ము తినలేదు, గట్టు జరపలేదు, ఇంటి మీదికి కొట్లాటకు రాలేదు. అతని తాతను పొగిడాడు, అంతే. పోయింది పోయాక మాలకొండయ్య కనిపించిన ప్రతివాడికీ ఒకటే మాట చెప్పేవాడు. "కీడు చేసేటోడు వస్తే లోపలికి రానియ్యి, మన జాగ్రత్తలో మనముంటాం. మేలు చేస్తానని వచ్చేటోణ్ణి మాత్రం వాకిట్లోనే ఆపాల."

అవి మార్కాపురం కర్నూలు జిల్లాలో, కర్నూలు మద్రాసు కింద ఉన్న రోజులు. ఊరి నుంచి రైలు స్టేషనుకు పోయే బండ్ల బాట మీద, ఇక ఊరు అయిపోయిందనుకున్న చోట చింతలపేట మొదలయ్యేది. ఎండాకాలంలో పలకరాళ్ల సెగకు మాడి వచ్చిన మనిషికి, పేటలో అడుగు పెట్టగానే ఎవరో నెత్తిన తడిగుడ్డ వేసినట్టు ఉండేది. బాటకు రెండు వైపులా వేపలు, కానుగలు. ఇళ్ల వెనక మునగచెట్లు. నడుమ చింతతోపు. స్టేషనుకు పలకలు తోలే బండ్లవాళ్లు ఆ తోపులో ఎద్దులను విప్పేవాళ్లు. మెడగంటల చప్పుడు, పలకలు చెక్కే చప్పుడు, మిషన్ బడి పిల్లలు ఎక్కాలు చదివే చప్పుడు కలిసి వినిపిస్తే తప్ప పేటలో పుట్టినవాళ్లకు మధ్యాహ్నం కునుకు పట్టేది కాదు.

ధాత నామ సంవత్సరపు పెద్ద కరువు నాటికి అదంతా కంకర మిట్ట. కరువు దాటి బతికిన ఓబులయ్య, అంటే మాలకొండయ్య తాత, వాగు చెలమలోంచి కావడితో నీళ్లు మోసి ఆ మిట్ట మీద చింతమొక్కలను బతికించాడు. చెట్లు గొడుగులు పట్టాక బండ్లవాళ్లు ఆ దరిదాపుల్లో గుడిసెలు వేశారు. వాళ్ల వెనక పలకల పనివాళ్లు వచ్చారు. వాళ్ల పిల్లల కోసం మిషన్‌వాళ్లు బడి తెచ్చారు. అట్లా నీడను చూసుకుని ఒక పేట పుట్టింది.

అయితే ఆ నీడలో ఓబులయ్య ఎవరినీ కూర్చోనిచ్చేవాడు కాదు. మట్టిగడ్డలు ఒళ్లో పెట్టుకుని కాపలా కాసేవాడు. రాలిన చింతకాయ ఎవరైనా ముట్టుకుంటే కర్రతో ముంజేతి మీద వేసేవాడు. సర్కారుకు శిస్తు కూడా కట్టలేదు. "కంకరకు శిస్తేంది" అనేవాడు. ఆయన పోయాకే బండ్లవాళ్లు ధైర్యంగా ఎద్దులను విప్పారు. మాలకొండయ్య తండ్రి మెత్తని మనిషి, వద్దనలేకపోయాడు.

ఆ సోమవారం పొద్దున మాలకొండయ్య అనుకున్న పని చిన్నది. రీసర్వే ఇన్‌స్పెక్టరు వస్తాడు, గొలుసు పట్టి తోపు కొలుస్తాడు, తోపు తన పేర ఎక్కుతుంది, మధ్యాహ్నానికి ఇంటికి వచ్చి సంగటి తింటాడు. అతనికి వేరే రెండెకరాల మెట్ట ఉన్నా, అది వాన పడిన ఏడే పండేది. ఇల్లు గడిచేది చింతపండు మీద. తోపు పేరెక్కకపోతే ఇల్లు లేనట్టే.

చిక్కల్లా కాగితం లేకపోవడమే. ఉన్న ఒక్క పాత కాగితాన్నీ చెదలు తిన్నాయి. మాలకొండయ్య సుందరరాజు సారు దగ్గరికి పోయాడు. మాలకొండయ్య రెండో తరగతిలో పలక పగిలిందని బడి మానేసినవాడు. పలకలు పుట్టే ఊళ్లో పలక లేదని చదువు మానిన మనిషి అతనొక్కడే.

"కాగితం లేకపోతే ఏమన్నా, సాక్షులున్నారు కదా" అన్నాడు సారు. "పేటోళ్లు నలుగురు చెప్తే చాలు. అయితే సాక్ష్యం బలంగా ఉండాల. ఓబులయ్య తాత నాటినాడంటే సరిపోదు. ఎట్లాంటోడు, ఎందుకు నాటినాడు, అది చెప్పాల. ఆయప్ప పేరు నిలబడితే తోపు దానంతటదే నిలబడతాది."

"మా తాత గురించి ఏం చెప్తావు సారూ, నువ్వు చూసినావా ఏంది?"

"చూడనందువల్లే బాగా చెప్పగలను. నువ్వు నెమ్మదిగా ఉండు."

ఎండ ఎక్కే వేళకు ఇన్‌స్పెక్టరు వచ్చాడు. కోస్తా వైపు మనిషి. చెమటలు కక్కుతూ వచ్చి చింతల కింద కుర్చీ వేయించుకుని, టోపీ తీసి, హాయిగా ఊపిరి వదిలాడు. "ఈ తాలూకా మొత్తం మీద ఇంత చల్లటి చోటు నేను చూడలేదు" అన్నాడు. మాలకొండయ్య దాన్ని శుభశకునం అనుకున్నాడు.

ఇన్‌స్పెక్టరు పుస్తకం తెరిచి, అక్కడ చేరిన పేటవాళ్లను అడిగాడు. "ఏమయ్యా, ఈ తోపు ఎవరి అనుభవంలో ఉంది?"

సర్కారు భాషలో అనుభవమంటే స్వాధీనం. చెట్టు ఎవడి చేతిలో ఉంది, కాయ ఎవడు తింటున్నాడు అని అర్థం. పేటలో ఆ మాటకు ఆ అర్థం తెలిసినవాడు ఒక్కడూ లేడు.

బండి ఆదెయ్య ముందుకొచ్చాడు. "నాకు ఇరవై ఏండ్ల అనుభవముంది దొరా. ఈ మూడో చెట్టుంది చూడండి, దీని మొదట్లో పండుకుంటే పొద్దు వాలిందాకా ఎండ తగల్దు. ఆ చివరి చెట్టు కింద మాత్రం వద్దు, చీమలు."

"నువ్వొక్కడివేనా?"

"నేనొక్కణ్ణి ఎట్లయితా దొరా. యర్రగొండపాలెం బండ్లు, పొదిలి బండ్లు, కనిగిరి నుంచి రైలుకొచ్చేటోళ్లు, అందరికీ అనుభవమే."

ఇన్‌స్పెక్టరు రాసుకున్నాడు. పెన్ను కదిలే కొద్దీ సాక్ష్యం బలపడుతోందని మాలకొండయ్య లోలోపల సంతోషించాడు. ఇంకో ఇద్దరు కూడా తమ తమ అనుభవాలు చెప్పారు. ఒకడు తన పెళ్లిచూపులు ఆ తోపులోనే జరిగాయన్నాడు. అది కూడా పుస్తకంలోకి ఎక్కింది.

తర్వాత సుందరరాజు సారు లేచి నిలబడ్డాడు. గొంతు సవరించుకున్నాడు. ఆదివారం మిషన్ గుడిలో వాక్యం చదివే గొంతు అది, పేట చివరిదాకా వినిపిస్తుంది.

"అయ్యా, ధాత కరువులో జనం బాట పొడుగునా రాలిపోతుంటే చూడలేక, బాటసారుల ధర్మార్థం ఓబులయ్య తాత ఈ చెట్లు నాటినాడు. తన నోరు కట్టుకుని మొక్కలకు నీళ్లు పోసినాడు."

"ఎవరినైనా అడ్డగించేవాడా?"

"అడ్డమా సార్. రాకపోతే చెయ్యి పట్టుకుని పిలిచి కూర్చోబెట్టేటోడు. పోయేటప్పుడు ఒళ్లో నాలుగు చింతకాయలు పోసి పంపేటోడు."

మాలకొండయ్యకు తాత ఒళ్లోని మట్టిగడ్డలు గుర్తుకొచ్చాయి. అయినా వింటుంటే బాగుంది. అట్లాంటి తాత ఉంటే ఎంత బాగుండేదో అనిపించింది. కాసేపటికి ఉన్నాడనే అనిపించింది.

"ఏమయ్యా, నిజమేనా?" అని ఇన్‌స్పెక్టరు అతని వైపు తిరిగాడు.

"మా తాత అట్లాంటోడే సార్" అన్నాడు మాలకొండయ్య ఛాతీ విరిచి. "మేమూ అంతే. ఎవరొచ్చినా కాదనం. ఈ తోపు పేటది ఎంతో నాది అంతే."

సుందరరాజు సారు కళ్లు మూసి, భేష్ అన్నట్టు తల ఊపాడు.

అప్పుడే సంతోషమ్మ గడ్డిమోపుతో వచ్చింది. అరవై దాటిన మనిషి, పడుచు వయసులో పేటకు వచ్చి పేటలోనే కూలి చేసుకుని బతికినది. మోపు దించి, జనం ఏం మాట్లాడుతున్నారో విని ముందుకు నడిచింది.

"నాక్కూడా ఒక అనుభవముంది దొరా ఈ తోపులో. ముంజేతి మీద ఇప్పటికీ ఉంది, చూపిస్తా."

పేటలో ఓబులయ్యను ఎరిగిన మనిషి ఆ అవ్వ ఒక్కతే. మాలకొండయ్య గబగబా అడ్డం వచ్చి తన భార్యను పిలిచాడు. "రమణమ్మా, అవ్వ పొద్దుట్నించి ఏమీ తినలేదంట. ఇంటికి తోలుకపోయి సంగటి పెట్టు. నెయ్యి కూడా వెయ్యి."

"నెయ్యా?" అంది రమణమ్మ. కాపురానికి వచ్చిన ఇరవై ఏళ్లలో ఆ ఇంట్లో ఆ మాట పరాయివాళ్ల కోసం వినడం అదే మొదటిసారి.

"నెయ్యే. బెల్లం కూడా పెట్టు."

అవ్వ గడ్డిమోపు అక్కడే వదిలి నెయ్యి వెంట నడిచింది. గొలుసు పడింది, కొలత అయింది. ఇన్‌స్పెక్టరు రాసినదంతా పైకి చదివాడు. "సదరు ఓబులయ్య బాటసారుల ధర్మార్థం నాటించినట్టున్నూ, పేట జనులందరి అనుభవంలో ఉన్నట్టున్నూ, అతని మనవడు మాలకొండయ్య స్వయంగా ఒప్పుకున్నందున, దీన్ని పోరంబోకుగా నమోదు చేయడమైనది."

మాలకొండయ్య ముఖం ఎర్రబడింది. "మర్యాదగా మాట్లాడండి సార్. ఇంతసేపు ధర్మాత్ముడని రాసుకుని ఇప్పుడు మా తాతను పోరంబోకు అంటారా?"

"నీ తాతను కాదయ్యా, నేలను. పోరంబోకంటే ఎవరి సొంతమూ కాదని. సర్కారుది. నీడ అందరిదీ, కాయ తాలూకా బోర్డుది."

మాలకొండయ్యకు చింతచెట్లన్నీ ఒక్కసారి తిరిగినట్టయింది. "అదంతా అబద్ధం సార్. మా తాత పిసినారి. ఉత్త పిసినారి. కాకి వాలినా మట్టిగడ్డ ఇసిరేటోడు. ఈ సారు పుట్టకముందే మా తాత పోయినాడు, ఈయనకేం తెలుసు?"

"వినయం చూడండి" అన్నాడు సుందరరాజు సారు కన్నీళ్లతో. "గొప్ప వంశాలు ఇట్లే ఉంటాయి."

"నీకు దండం పెడతా సారూ, నోరు ముయ్యి. నాకు సాక్షి ఉంది. సంతోషమ్మవ్వ ఉంది. అవ్వ చెయ్యి చూడండి, మా తాత కొట్టిన మచ్చ ఉంది" అంటూ మాలకొండయ్య ఇంటికి పరుగెత్తాడు. అవ్వ అరుగు మీద కూర్చుని వేళ్లకు అంటిన నెయ్యి నాక్కుంటోంది. ఆమెను దాదాపు మోసుకుంటూ తెచ్చి కుర్చీ ముందు నిలబెట్టాడు.

"చెప్పవ్వా. మా తాత నిన్నెట్ల కొట్టినాడో చెప్పు."

అవ్వ ఇన్‌స్పెక్టరు వైపు చూసింది, మాలకొండయ్య వైపు చూసింది. చెయ్యి పైట కొంగులో చుట్టుకుంది.

"చెప్పలేను నాయనా. క్షమించేసినా."

"ఎప్పుడు?"

"ఇప్పుడే, సంగటి తింటా. నలభై ఏండ్లకు పైగా కడుపులో పెట్టుకున్నా. ప్రతి ఆదివారం క్షమిద్దామనుకునేదాన్ని, వచ్చేది కాదు. ఈ పొద్దు ఆ ఇంటి నెయ్యి నోట్లో పడేసరికి వచ్చేసింది. అరుగు మీదనే ప్రార్థన చేసుకున్నా. ఒకసారి క్షమించినాక మళ్లా పైకి ఎత్తగూడదు. ఏం సారూ, వాక్యం అదే కదా?"

"అదే అవ్వా" అన్నాడు సుందరరాజు సారు.

ఇన్‌స్పెక్టరు పుస్తకం మూసి, పోతూ పోతూ మాలకొండయ్య భుజం తట్టాడు.

ఆ ఏడాది నుంచి తోపులో చింతకాయకు తాలూకా బోర్డు వేలం పాట పెట్టింది. తాత నాటిన చెట్టుకు మనవడు నిలబడి పాట పాడాడు. గిద్దలూరు వ్యాపారి ఎక్కువ పాడుకుపోయాడు. సుందరరాజు సారు తన జీతంలోంచి ఒక పెద్ద పలకరాయి చెక్కించి, 'ధర్మాత్ముడు ఓబులయ్య గారి చింతతోపు' అని తోపు మొగదల నిలబెట్టించాడు. చదవలేని మాలకొండయ్యకు సారే రెండుసార్లు చదివి వినిపించాడు.

కాపలా కాయవలసిన పని లేకపోయేసరికి మాలకొండయ్య ఒకనాటి మధ్యాహ్నం ఆదెయ్య పక్కన మూడో చెట్టు మొదట్లో పడుకున్నాడు. తన తోపు నీడలో అతను నిద్రపోవడం అదే మొదలు. మెడగంటలు, పలకలు, ఎక్కాలు వినిపిస్తూ ఉన్నాయి. పొద్దు వాలిందాకా నిజంగానే ఎండ తగలలేదు. లేచాక ఆ సంగతి ఎవరికీ చెప్పలేదు, సారును తిట్టడమూ మానలేదు.

కొత్తగా పేటకు కాపురం వచ్చిన ఆడవాళ్లు ఆ రాయి చూసి రమణమ్మను అడుగుతుండేవాళ్లు. "మీ తాత అంత ధర్మం చేసినాడంట కదక్కా, ఎంత చేసినాడు?"

రమణమ్మ బిందె నడుముకు ఎత్తుకుని చెప్పేది. "ఒక ఎకరా నలభైయొక్క సెంట్లు."