మేయరు గారి అప్పీలు హక్కు

కోర్టు ఉత్తర్వు కాపీ సిటీ హాలు మెట్లెక్కకముందే దాని మీద అప్పీలు చేస్తున్నట్టు మేయర్ ఎల్డన్ బ్రాంట్ ప్రకటించారు. శుక్రవారం సాయంత్రం చర్చి హాల్లో అందరితో కలిసి చేపల వేపుడు తింటూ, నోట్లో ముద్ద మింగి, మూతి తుడుచుకుని మరీ ప్రకటించారు. విస్కాన్సిన్ రాష్ట్రంలోని కెల్సీ ఫాల్స్ నగరం అన్యాయానికి తల వంచదన్నారు. జనం చప్పట్లు కొట్టారు. ఉత్తర్వులో ఏముందని అడిగిన పాపాన ఎవరూ పోలేదు.

ప్రకటన రాసిపెట్టింది మేయరు గారి ప్రెస్ సెక్రటరీ మార్లీన్ ఓస్బీ. ఆమె ఇల్లు పల్లపు వీధిలో ఉంది. ఏటా మంచు కరిగేటప్పుడు నగరం మురుగు కాలువ ఎదురు తన్ని ఆ వీధి బేస్‌మెంట్లలోకి వస్తుంది. మార్లీన్ భర్త డ్వేన్ బార్బర్ షాపు ఉన్నది ఆ బేస్‌మెంటులోనే. కిందటేడు ఒకాయనకి సగం గడ్డం గీస్తుండగా మురుగొచ్చి, మిగతా సగం వంటింట్లో గీయాల్సి వచ్చింది. ఈసారి కూడా వస్తే షాపు మూసేసుకోవడమే.

అది మురుగు కాదనీ, 'రుతుసంబంధమైన చెమ్మ' అనీ మేయరు గారి అభిప్రాయం. ఆ మాట కనిపెట్టింది మార్లీనే. పగలు ఆఫీసులో దాన్ని చెమ్మ అని టైపు చేసి, సాయంత్రం ఇంటికెళ్ళి బకెట్లతో ఎత్తిపోసేది. ఉద్యోగం ఉద్యోగమే కదా.

అలాంటి పల్లపు వీధుల వాళ్ళంతా కలిసి ఫెడరల్ కోర్టులో నగరం మీద దావా వేశారు. వీళ్ళందరిదీ ఒకటే బాధ, కలిపి ఒకటే కేసుగా వింటానన్నారు జడ్జి గారు. ఉత్తర్వంతా కలిపి అంతే. సోమవారం సిటీ లాయరు హార్లన్ పీక్ ఆ సంగతి చల్లగా చెప్పాడు.

"ఇది మధ్యంతర ఉత్తర్వు మేయర్ గారూ. కేసు తేలేదాకా మామూలుగా అప్పీలుండదు."

"చేస్తున్నానని చెప్పేశానయ్యా."

"ఒక్క దారుంది. రెండు వారాల్లోపు పై కోర్టుని పర్మిషన్ అడగొచ్చు. ఇస్తే ఇస్తారు, లేకపోతే లేదు. ఇది నిలిస్తే మనం నిండా మునిగిపోతామని వాళ్ళకి నమ్మకం కుదరాలి."

"మునిగిపోతామని చెప్పు మరి."

చెమ్మకి నగరం ఎలా మునుగుతుందని పీక్ సందేహం. మేయరు గారికి సందేహాలు గిట్టవు. అఫిడవిట్ తనే చెప్పడం మొదలుపెట్టారు, మార్లీన్ టైపు చేసింది. ముందు మూడిళ్ళలో మురుగన్నారు. చాలదన్నాడు పీక్. పల్లపు వీధులన్నీ అన్నారు. ఇంకొంచెం ఉంటే బాగుండునన్నాడు పీక్. హైస్కూలు, ఫైర్ స్టేషన్, చర్చి హాలు కలిపారు. మార్లీన్ తనంతట తనే 'మోకాలి లోతు' అని చేర్చింది. మేయరు గారు చూసి నడుం లోతు చేశారు. చివరికి కొండ మీదున్న సొంత ఇల్లు కూడా వేయమన్నారు. త్యాగమంటే అలా ఉండాలి. తర్వాత చెయ్యెత్తి ప్రమాణం చేసి సంతకం పెట్టారు. ఆ పూట టైపు చేసినంత సంతోషంగా మార్లీన్ ఆ ఆఫీసులో ఎప్పుడూ టైపు చెయ్యలేదు.

తర్వాతి చేపల విందులో, అప్పీలుకి పర్మిషన్ అడిగే హక్కును నగరం విజయవంతంగా వాడుకుందని మేయరు గారు ప్రకటించారు. మళ్ళీ చప్పట్లు.

పై కోర్టు ఒక్క ముక్కలో కుదరదంది. ఈలోగా జనం తరఫు లాయరు ఆ అఫిడవిట్ పట్టుకెళ్ళి కింది జడ్జి గారి ముందు పెట్టాడు. కేసు తేలేదాకా జనం నడుం లోతులో నిలబడలేరు కదా అన్నాడు. జడ్జి గారు కరిగిపోయారు. మంచు కరగకముందే పల్లపు వీధులన్నిటికీ పంపులు బిగించమని ఆజ్ఞాపించారు.

పీక్ ముఖం వేలాడేసుకుని వచ్చాడు. మేయరు గారు ఒక్కటే అడిగారు.

"దీని మీద అప్పీలుకి ఎవరి పర్మిషన్ కావాలి?"

"ఎవరిదీ అక్కర్లేదండీ. ఫలానా పని చెయ్యి అని కోర్టు ఆజ్ఞాపిస్తే, కేసు నడుస్తుండగానే అప్పీలు చేసుకోవచ్చు. అది మన హక్కు. కాకపోతే పై కోర్టు ఆపమనేదాకా పంపులు ఆడుతూనే ఉండాలి."

'కాకపోతే' తర్వాతిది మేయరు గారు వినలేదు. పీక్‌ని కావలించుకున్నారు. అప్పీలుకి పనికొచ్చే ఉత్తర్వును నగరం ఎట్టకేలకు సాధించిందని ప్రకటన రాయమన్నారు. మార్లీన్ రాసింది. ఆ వారమే ఆమె వీధిలో పంపులు మొదలయ్యాయి. మంచు కరిగింది. బేస్‌మెంటు పొడిగా ఉంది. డ్వేన్ గడ్డాలన్నీ ఒకే చోట పూర్తి చేస్తున్నాడు. కెల్సీ ఫాల్స్‌లో పంపుల చప్పుడు వింటూ హాయిగా నిద్రపోయిన మొదటి సర్కారు ఉద్యోగి మార్లీనే.

అప్పీలు గడువు దగ్గరపడింది. జడ్జి గారు నమ్మింది ఆ ఒక్క అఫిడవిట్‌నేననీ, దాన్ని నమ్మడం తప్పని చూపిస్తే తప్ప వేరే దారి లేదనీ పీక్ నసిగాడు. మేయరు గారే మళ్ళీ ప్రమాణం చేసి చెప్పాలిట. దానికేం భాగ్యమన్నారాయన. మార్లీన్ మొదటి వాక్యం టైపు చేసి ముందు పెట్టింది:

'చెమ్మ విషయంలో మేయర్ బ్రాంట్ ప్రమాణం చేసి చెప్పిన మాటను నమ్మి కింది కోర్టు ఘోరమైన పొరపాటు చేసింది.'

మేయరు గారు రెండుసార్లు చదివారు. పెదవి విరిచారు.

"మరీ మెత్తగా ఉంది మార్లీన్. చెమ్మ విషయమొక్కటే ఏంటి? ఏ విషయంలోనైనా అని వెయ్యి."

ఆమె వేసింది. ఆయన చెయ్యెత్తి ప్రమాణం చేసి, సంతకం పెట్టారు.