పొగగొట్టం మీద కొంగ

ఆ శనివారం దోసెలు తిని మళ్లీ పడుకోవడం తప్ప మరో పని పెట్టుకోకూడదనుకున్నాడు హనుమత్ప్రసాద్. ఇల్లు ఎన్నిస్ అనే ఐరిష్ ఊళ్లో, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం దగ్గర్లోని షానన్‌లో. వారమంతా పరుగే.

ఆయన కూతురు సహస్రకు ఐదేళ్లు. ముందురోజు లైబ్రరీలో వందేళ్లనాటి మూకీ కార్టూన్ చూసింది. అందులో మేఘాల మీద కొంగలు పాపాయిలకు నీళ్లుపోసి, పౌడరు రాసి, గుడ్డలో మూటకట్టి ముక్కున కరచుకుని ఎగురుతాయి. పాపాయిలు బోసిగా నవ్వుకుంటూ పొగగొట్టంలోంచి జారి ఉయ్యాల్లో పడతారు. ఎక్కడా చిన్న చప్పుడు ఉండదు. ఆ మేఘాలు కళ్లలో తిరుగుతుండగానే నిద్రలేచి సహస్ర పెరట్లోకి వెళ్లింది. పొగమంచులో, తమ పొగగొట్టం పక్కన, బూడిదరంగు కొంగ ఒకటి ఒంటికాలి మీద నిలబడి ఉంది.

సహస్ర తన దిండు తెచ్చి ఫైర్‌ప్లేస్‌లో పెట్టింది. తర్వాత గోడ దగ్గరికి పరుగెత్తి పక్కింటి పెద్దాయనతో, "వీ ఆర్ గెటింగ్ ఎ బేబీ, జెర్రీ" అంది.

జెర్రీ వెంటనే వచ్చి హనుమత్ప్రసాద్ చెయ్యి పట్టుకుని ఊపాడు. "బేబీ వస్తోందటగా, నాతో ఒక్క మాటైనా అనలేదే" అన్నాడు ఇంగ్లీషులో.

భార్య సరోజ తనకు చెప్పకుండా పక్కింటాయనకు చెప్పిందా అని హనుమత్ప్రసాద్ మనసు చివుక్కుమంది. తెలియదంటే పరువు తక్కువ. "అవును. గ్రాండ్" అన్నాడు.

జెర్రీ అటక మీది పాత ఉయ్యాల మోసుకొచ్చాడు. దారిలో ఎదురైన, అదే వీధిలో ఉండే గిరిజాకుమారి ఆంటీకీ చెప్పాడు. ఆవిడ పసుపుకుంకుమలతో దిగింది.

"మూడో నెలైనా నిండిందా సరోజా? ఆ దోసెల పెనం దగ్గర్నించి లే ముందు."

సరోజ గరిటె పక్కన పెట్టి భర్తవైపు తిరిగింది. "మీకెవరు చెప్పారండీ?"

"నువ్వయితే చెప్పలేదుగా. జెర్రీ చెప్పాడు."

"జెర్రీకెవరు చెప్పారు?"

జెర్రీ సహస్రను చూపించాడు. సహస్ర పైకప్పు చూపించింది.

అందరూ పెరట్లోకి వచ్చి తలెత్తి చూశారు. కొంగ తీరిగ్గా రెక్కలు విప్పి, చప్పుడు లేకుండా మంచులోకి తేలి, నది వైపు వెళ్లిపోయింది. దాని ముక్కున ఏమీ లేదు.

"ఇట్ ఫర్‌గాట్ ద బేబీ" అంది సహస్ర, పెదవి వణుకుతుంటే.

సంగతి అర్థమయ్యేసరికి జెర్రీ చెవులు ఎర్రబడ్డాయి. లోపలికెళ్లి ఉయ్యాల ఎత్తుకోబోయాడు. భర్తతో పాటు వెనకే వచ్చిన సరోజ దాని మీద చెయ్యి వేసింది.

"ఉండనివ్వండి జెర్రీ" అని, భర్తతో మెల్లగా, "సోమవారం జీపీ డాక్టర్ని కలిశాక చెబుదామనుకున్నానండీ" అంది.

ఆ ఇంట్లో ఆ కబురు అందరికన్నా ఆఖరున తెలిసింది హనుమత్ప్రసాద్‌కే.